38 ఏళ్లకి నటన, రాత: ఆడిట్ ఉద్యోగం మానేయాలా?

లెడ్జర్‌పిల్ల:
పదమూడేళ్లుగా ఆడిట్‌లో ఉన్నాను. రెండేళ్ల నుంచి వారాంతాల్లో నటన క్లాసుకి వెళ్తున్నా, రాత్రుళ్లు చిన్న చిన్న నాటకాలు రాసుకుంటున్నా. పోయిన వారం మొదటిసారి ఒక ఆడిషన్‌కి సెల్ఫ్ టేప్ తీశాను. భర్తకి అబద్ధం చెప్పే భార్య పాత్ర. రెండు నిమిషాల సీనుకి పదిహేడు టేకులు! ఫోన్‌ని పుస్తకాల దొంతరకి ఆనించి, భర్త డైలాగులు మా చెల్లితో చదివించాను. తర్వాత చూసుకుంటే ఏ టేకులోనూ నేను అబద్ధమాడుతున్నట్టు లేను, అబద్ధం మీద రిపోర్ట్ ఇస్తున్నట్టున్నాను. మా టీచర్ కూడా "చెబుతున్నావమ్మా, చెయ్యట్లేదు" అన్నారు. ఉద్యోగమే నన్నిలా తయారుచేసిందా? మానేస్తే ఇది వదులుతుందా? అసలు ఆలస్యమైపోయిందా? ఇంట్లో "ఈ వయసులో వేషాలేంటి" అంటున్నారు. ఆ మాటలో శ్లేష ఉందని పాపం వాళ్లకి తెలీదు.

వార్డు నంబర్ ఆరు:
వయసు సంగతి ముందు తేల్చేద్దాం. ఇంగ్లీషు నటుడు అలన్ రిక్‌మన్ గ్రాఫిక్ డిజైన్ వదిలేసి 26 ఏళ్లకి నటన బడిలో చేరాడు. మొదటి సినిమా 1988లో, అప్పటికి 42. మన గొల్లపూడి మారుతీరావు గారు తెర మీదికి వచ్చింది కూడా నలభై దాటాకే.

కానీ ఉద్యోగం మానేస్తే నటన వస్తుందా అంటే, నాకు నమ్మకం లేదు. నేను పదేళ్లు నర్సుగా చేసి నాటకాల్లోకి వచ్చాను. ఒక నాటకంలో డాక్టర్ వేషం కట్టిన కుర్రాడు స్టెతస్కోప్ తిప్పి పెట్టుకున్నాడు. చెవిలో పెట్టుకునే మొనలు ముక్కువైపు వాలి ఉండాలి, చెవి దారి అటే ఉంటుంది కాబట్టి. తిప్పి పెట్టుకుంటే సరిగ్గా వినబడదు. పాపం వాడు వినబడకుండానే వింటున్నట్టు మొహం పెడుతున్నాడు. నేను వెళ్లి సరిచేశాను. ఎదుటివాడి గుండె చప్పుడు వినబడేసరికి మొహం పెట్టడం మానేసి వినడం మొదలెట్టాడు. సీను మారిపోయింది.

మీ ఉద్యోగంలోనూ అలాంటిదేదో ఉండే ఉంటుంది. ఎదుటివాళ్లు లెక్కల్లో అబద్ధం ఆడుతున్నారని మీకెలా తెలుస్తుందండీ?

మళ్లీ కోడింగే:
మానేయకండి. నేను మానేసి వెళ్లినవాణ్ణి. జేబు ఖాళీ అయ్యాక ఇచ్చే ఆడిషన్‌లో పాత్ర కనపడదు, మన అవసరం కనపడుతుంది. రెండేళ్లకి మళ్లీ కీబోర్డు ముందుకొచ్చాను.

రాతకైతే అసలు మానక్కర్లేదు. ఇంగ్లీషు రచయిత ఆంథొనీ ట్రొలోప్ 1834 నుంచి 1867 దాకా తపాలా శాఖలో పనిచేస్తూనే నవలలు రాశాడు. పొద్దున్న 5:30కల్లా కూర్చుని, వాచీ ఎదురుగా పెట్టుకుని పావుగంటకి 250 మాటలు. ఈ లెక్క ఆడిటర్లకి నచ్చాలే! నాకు పావుగంటకి పాతిక రావడమే గగనం, అది వేరే సంగతి.

టేప్ గురించి ఒక చిన్న మాట: మీ చెల్లెల్ని లెన్స్ పక్కనే, అదే ఎత్తులో కూర్చోబెట్టండి. దూరంగా ఉంటే మీ చూపు పక్కకి పోతుంది.

లెడ్జర్‌పిల్ల:
ఆరు గారూ, మీ ప్రశ్నకి రెండు రోజులు పట్టింది. ఒకతన్ని కనపడని ఓచర్ గురించి అడిగితే, గొంతు ఏమాత్రం తడబడకుండా జవాబు చెప్పాడు. చెబుతూ చెబుతూ స్టేప్లర్‌ని బల్ల అంచుకి సమానంగా సర్దాడు. కాసేపాగి మళ్లీ సర్దాడు. అప్పుడే నాకు అర్థమైంది.

నిన్న రాత్రి చెల్లిని ఫోన్ పక్కన కూర్చోబెట్టి అదే సీను చేశాను. "ఆఫీసులోనే ఉన్నాను" అంటూ కప్పుని సాసర్ మధ్యకి జరిపాను. చెల్లి చదువుతున్నదల్లా ఆగి, "నిజంగా ఎక్కడికెళ్లావే?" అంది. స్క్రిప్టులో ఆ మాట లేదు.

టేప్ పంపే గడువు దాటిపోయింది లెండి. రాజీనామా ఊసు ఈ ఆడిట్ అయ్యేదాకా ఎత్తను. స్టేప్లర్ మనిషి మాత్రం నాటకంలోకి వచ్చి కూర్చున్నాడు, నాలుగు పేజీలైంది.