కథలో కాలదిక్సూచికి సంవత్సరం ఒక్కటే చాలా, చోటు కూడా చెప్పాలా?

బీచ్‌రోడ్ కథలు:
నేనొక కథ రాస్తున్నానండీ. విశాఖలో మత్స్యకారులుండే జాలారిపేట కుర్రాడికి ఇంట్లో పాత ట్రంకు పెట్టెలో ఒక ఇత్తడి పరికరం దొరుకుతుంది, పేరు కాలదిక్సూచి. దాని మీద ఒక్కటే చక్రం, చక్రం మీద సంవత్సరాలు. వాడు ఆర్కే బీచ్‌లో నిలబడి 1930కి తిప్పుతాడు, కళ్ళు తెరిస్తే అదే ఒడ్డు, అదే యారాడ కొండ, పోర్టు మాత్రం ఇంకా తెరవలేదు (మొదటి ఓడ లోపలికొచ్చింది 1933లో కదా). చదివిన ఫ్రెండ్ ఒకడు "ఇది తప్పు, అప్పుడు భూమి అక్కడ ఉండదు, మీవాడు అంతరిక్షంలో తేలతాడు" అన్నాడు. రెండ్రోజుల నుంచి పెన్ను కదలట్లేదు. ఒక్క చక్రం ఉంచాలా, మార్చాలా?

మద్దిలపాలెం మేష్టారు:
మీ ఫ్రెండ్ వైపే నేను. భూమి సూర్యుడి చుట్టూ సెకనుకి దాదాపు 30 కిలోమీటర్లు పోతుంది, అంటే మీ కుర్రాడు ఒక్క నిమిషం వెనక్కి దూకినా భూమి 1,800 కిలోమీటర్ల అవతల ఉంటుంది, తిన్నగా కొలిస్తే మనకి ఢిల్లీ కూడా అంత దూరం లేదు. సరిగ్గా ఏడాది దూకితే తిరిగి అక్కడికే వస్తుంది కదా అంటారేమో, ఈలోగా సూర్యుడే గెలాక్సీ చుట్టూ సెకనుకి 220 కిలోమీటర్ల లెక్కన ఇంచుమించు 700 కోట్ల కిలోమీటర్లు జరిగిపోయుంటాడు. చోటు చెప్పని దాన్ని దిక్సూచి అనకండి, గడియారం అనండి.

సీతమ్మధార అత్తయ్య:
మేష్టారూ, భాగవతంలో రైవతుడు కూతురు రేవతిని తీసుకుని బ్రహ్మ దగ్గరకి వెళ్ళి పాట అయ్యేదాకా ఆగితే ఇక్కడ 27 మహాయుగాలు గడిచిపోయాయి. ఆయన తిన్నగా తన ఊరికే వచ్చాడు, ఏ అంకెలూ తిప్పలేదు. వినేవాళ్ళెవరూ భూమి ఎక్కడుందని అడగలేదు. కథకి కావాల్సింది ఆ తండ్రి గుండె గుభేలుమనడం.

మద్దిలపాలెం మేష్టారు:
అత్తయ్య గారూ, రైవతుడు వెళ్ళాడు, వచ్చాడు. నడిచినవాడికి దారి ఉంటుంది, దూకినవాడికి ఉండదు. ఈ కుర్రాడు దూకుతున్నాడు కదా, నా గొడవంతా అదే.

గాజువాక గైరో:
మేష్టారూ మీ లెక్కలు కరెక్టే గానీ ఒక మాట అడుగుతా, "అక్కడ" అన్నారు, ఎక్కడి నుంచి చూసి అక్కడ? ఒకసారి సూర్యుణ్ణి కదలకుండా పెట్టారు, ఇంకోసారి గెలాక్సీ మధ్యని. శూన్యంలో ఇది ఫలానా చోటు అని ఎవరూ మేకు కొట్టలేదు, ఐన్‌స్టీన్ తర్వాత అయితే అసలు అలా అడగడానికే లేదు. రైల్లో ఫోన్ జారితే మన కాళ్ళ దగ్గరే పడుతుంది, వెనక స్టేషన్‌లో పడదు. అలాంటప్పుడు భూమితో పాటు తిరుగుతున్న పరికరం భూమినే పట్టుకుని ఉంటుందని రాసుకుంటే తప్పేంటి?

మద్దిలపాలెం మేష్టారు:
తప్పు లేదు. కానీ దేన్ని పట్టుకుందో కథలో ఒక్క ముక్క అయినా చెప్పాలి. ఫోన్ రైలుతో పాటే కదులుతోంది కాబట్టి పక్కనే పడింది, మీవాడు మధ్యలో మాయమవుతున్నాడే! అయినా గడియారానికీ చోటుకీ చుట్టరికం కొత్తదేం కాదు. నడిసముద్రంలో రేఖాంశం, అంటే తూర్పు పడమరల్లో ఎక్కడున్నామో, తెలియక ఓడలు మునిగిపోతుంటే హారిసన్ అనే వడ్రంగి గడియారం చేశాడు, 1761లో జమైకాకి తీసుకెళ్తే 81 రోజులకి తేడా 5 సెకన్లు. టైమ్‌లో నాలుగు నిమిషాలు తప్పితే ఒక డిగ్రీ తప్పినట్టే. ఇప్పటి జీపీఎస్ కూడా అంతే, శాటిలైట్‌లోని గడియారం రోజుకి 38 మైక్రోసెకన్లు ముందుకి పోతుంది, అది సరిచేయకపోతే ఒక్క రోజులోనే మన ఫోన్ పది కిలోమీటర్లు తప్పు చూపిస్తుంది.

పెద్ద జాలారిపేట:
ఇంతసేపూ చదువుతూనే ఉన్నాను. మా తాత వేటకెళ్ళేవాడు. ఆయనకి అంకెలు రావు, మ్యాపూ లేదు. ఒడ్డు మీది రెండు కొండలు చూసేవాడు, ఈ కొండ కొస ఆ కొండ భుజం మీదకి ఎప్పుడొస్తే అప్పుడు వల వెయ్యమనేవాడు, నిన్న చేప పడ్డ చోటికి ఇవాళ మళ్ళీ తిన్నగా వెళ్ళేవాడు. కింద నీరు నిన్నటిది కాదు, తెప్ప నిలవదు, అయినా అదే చోటు, ఎందుకంటే కొండల్ని బట్టి అదే చోటు. నాకు తెలిసి మీరందరూ అడుగుతున్నది ఇదే. ఆ కుర్రాడు మా పేటవాడే అయితే వాడి పరికరానికి సంవత్సరం చక్రం ఒక్కటే ఏటి, కొండ చూసే సన్నాలు, అదే గురి చూసే గుర్తులు, రెండు ఉండాలి కదా. ముందు యారాడ కొండని పట్టుకోమనండి, తర్వాత చక్రం తిప్పమనండి.

బీచ్‌రోడ్ కథలు:
అన్నా, ఇది చదివి చాలాసేపు అలా ఉండిపోయాను. నా కథ మీ పేటలో పెట్టుకుని మీ వాళ్ళు దారి ఎలా చూస్తారో అడగలేదు, తప్పు నాదే. రెండు సన్నాలు పెడుతున్నాను, ఒకటి యారాడ కొండకి, ఇంకోటి కైలాసగిరికి. మరి వచ్చింది 1930కే అని వాడికెలా తెలియాలి?

గాజువాక గైరో:
పల్సర్ పెట్టండి, అంటే గిర్రున తిరుగుతూ లయగా రేడియో తరంగాలు పంపే చనిపోయిన నక్షత్రం! ఒక్కో పల్సర్‌ది ఒక్కో లయ, పైగా నెమ్మదిగా తగ్గుతూ ఉంటుంది, అందుకే లయని బట్టి ఏ కాలమో కూడా చెప్పొచ్చు. 1972లో పయొనీర్ అనే అంతరిక్ష నౌక మీద పంపిన పలకలో భూమి అడ్రస్ 14 పల్సర్లతోనే గీశారు. క్రాబ్ పల్సర్ సెకనుకి దాదాపు 30 సార్లు తిరుగుతుంది, అది పుట్టిన పేలుడు భూమ్మీద మనుషులకి కనిపించింది 1054లో, అంతకన్నా వెనక్కి పోతే ఆ చప్పుడే ఉండదు. పరికరం చెవి దగ్గర పెట్టుకుంటే చిన్నగా గొణుగుతున్నట్టు రాయండి.

మద్దిలపాలెం మేష్టారు:
కొండలు పట్టుకుంటే నాకు అభ్యంతరం లేదు, ఒప్పుకున్నాను. ఒక్కటి చూసుకోండి, ఎత్తు. మన బీచ్‌లో ఇసుక ఏడాదికేడాది కోతపడుతూ మేట వేస్తూ ఉంటుంది, వాడు మోకాళ్ళ దాకా ఇసుకలో దిగబడొచ్చు. ఇంకా వెనక్కి, 20 వేల ఏళ్ళ కిందటికి తిప్పితే సముద్రమట్టం సుమారు 120 మీటర్లు కిందుంటుంది, ఒడ్డు ఎక్కడో తూర్పున ఉంటుంది.

పెద్ద జాలారిపేట:
ఇసుక సంగతి నిజమే. తెప్ప మీద నిలబడి తిప్పమనండి తమ్ముడూ, ఇసుక ఎంతున్నా నీళ్ళ మీదే తేలుతుంది.