నిజ నేరాల ధారావాహిక రాస్తున్నాను, రెండు సందేహాలు

అందరికీ నమస్కారం. మాది గుంటూరు బ్రాడీపేట. పదకొండేళ్లు పత్రికలో నేరవార్తలు రాశాక, ఈమధ్యే ఒక టీవీ సంస్థకు నిజ నేరాల ధారావాహిక రాసే పని దొరికింది. మొదటి భాగం ఒక పాత హత్య కేసు. నా దగ్గరున్నవి పసుపుబారిన పేపరు ముక్కలు, వాటి అంచుల్లో నాకే సగం అర్థంకాని నా పెన్సిల్ రాతలు!

కోర్టు రికార్డుల్లో ఉన్నది రాయడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదని 1994లో రాజగోపాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. లైంగిక నేరాల బాధితుల పేర్లు దానికి మినహాయింపు. అంతవరకు తెలుసు. కానీ కేసుతో సంబంధం లేని నాకు జిల్లా కోర్టు తీర్పు నకలు ఇస్తుందా? దరఖాస్తుతోపాటు అఫిడవిట్ కూడా పెట్టాలా?

అంతకంటే పెద్ద బెంగ ఒప్పందం గురించి. ఎవరైనా పరువునష్టం దావా వేస్తే ఖర్చంతా రచయితదేనట. పారితోషికం చూస్తే ఒక్క వాయిదాకి లాయరు ఫీజుకైనా చాలదు. ఆ షరతు కొట్టేయమని అడగవచ్చా, అడిగితే పనే పోతుందా? హతుడి భార్య ఇప్పటికీ మా పక్క వీధిలోనే ఉంటారు. ఆమెకు ముందుగా చెప్పాలనుంది, సంస్థవాళ్లు వద్దంటున్నారు. ఇలాంటి పని చేసినవారు, విజయవాడ, గుంటూరు న్యాయవాదులు దయచేసి చెప్పండి. వచ్చే సోమవారం సంతకం పెట్టాలి.