పిల్లి వచ్చింది, మిద్దె మీద ఏ మొక్కలు తీసేయాలి?

బుజ్జిపిల్లి: మనీప్లాంట్, కలబంద, పీస్ లిల్లీ, తులసి, గన్నేరు ఉన్నాయి. పిల్లి ఏది దొరికితే అది కొరుకుతోంది. టెన్షన్‌గా ఉంది.

కుండీలరాజు: గన్నేరు ఇవాళే పంపించేయండి. ఆకు, పువ్వు, కొమ్మ అన్నీ విషమే, గుండె లయ తప్పుతుంది. పచ్చగన్నేరూ అంతే.

శివపూజ: మా అత్తగారి కాలం నుంచి వాకిట్లో గన్నేరు ఉంది. వీధి పిల్లులన్నీ దాని కిందే పడుకుంటాయి. దేవుడి పూలచెట్టు కొట్టేయమనడం తేలికే!

కుండీలరాజు: కింద పడుకుంటే ఏం కాదమ్మా, నమిలితేనే. చెట్టు కొట్టమని నేనెక్కడన్నాను?

నీలికళ్లు: లిల్లీ సంగతి ఎవరూ ఎత్తరేం? పెళ్లిరోజుకి వచ్చిన బొకే వల్ల మా పిల్లి పోయింది. ఒంటికంటిన పుప్పొడి నాక్కుంది, కిడ్నీలు దెబ్బతిన్నాయి.

పూలకొట్టు: ఊరికే భయపెట్టకండి. మేం లిల్లీ దండలు కడతాం, కొట్లో పిల్లి ఆ బస్తాల మీదే పడుకుంటుంది.

నీలికళ్లు: దండల్లో కట్టేది రజనీగంధ సార్. నేనన్నది బొకేల్లో వచ్చే ఏషియాటిక్, ఓరియంటల్ లిల్లీలు. ఆ వాజులో నీళ్లు తాగినా ప్రమాదమే.

పూలకొట్టు: తాతల నాటి వ్యాపారం మాది. పూల పేర్లు నాకు నేర్పుతారా?

ఇంటివైద్యం: గొడవెందుకు? ఉప్పునీళ్లు పట్టించి కక్కిస్తే సరి.

పశువైద్యం_చదివా: దయచేసి ఆ పని చేయొద్దు! ఎక్కువైతే ఉప్పే పిల్లికి విషం. లిల్లీ తిన్నదని అనుమానం వస్తే వాంతుల కోసం ఎదురుచూడకుండా డాక్టరు దగ్గరికి పరుగెత్తాలి. 18 గంటలు దాటాక సెలైన్ ఎక్కించినా కిడ్నీలు నిలవడం కష్టం. పీస్ లిల్లీ వేరు. అదీ మనీప్లాంటూ ఒకే కుటుంబం, వాటిలో కాల్షియం ఆక్సలేట్ స్ఫటికాలు సూదుల్లా నోట్లో గుచ్చుకుని చొంగ కారుతుంది, మూతి వాస్తుంది. కిడ్నీల జోలికి పోదు. ఇంతమంది మాట్లాడారు, గేటు పక్కన షోకి పెట్టే సైకస్ ఒక్కరికీ గుర్తు రాలేదా? దాని గింజలు కాలేయాన్ని తినేస్తాయి.

ఇంటివైద్యం: చదివారు సరే, ప్రాక్టీసు ఉందా?

శివపూజ: మా తులసికోటలో మట్టి తవ్వి పాడు చేస్తోంది. దానికేదైనా ఉపాయం చెప్పండి ముందు.

కుండీలరాజు: మట్టి మీద గులకరాళ్లు పరవండి.

బుజ్జిపిల్లి: గన్నేరు కిందింటి వాళ్లకిచ్చేశాను. కలబంద మాటేమిటి?

నీలికళ్లు: తొక్క కింద పసుపు పాలు కడుపులోకి పోతే వాంతులు, విరేచనాలు. పైన వేలాడదీయండి.

పూలకొట్టు: రజనీగంధ అట! మార్కెట్‌కి వచ్చి అడగండి, ఎవరిస్తారో చూద్దాం.