సమస్య: వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

నిర్వాహకుడు:
ఈసారి పాదం తేటగీతిలో ఇస్తున్నాను.

వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

ఒక మొక్క వేరు తోడేలునీ, పామునీ, వైద్యుణ్నీ కన్నదట. వినడానికి అసంబద్ధంగా ఉంది కదా, సమస్య అంటే అలాగే ఉండాలి. ఇది గాలిలోంచి పుట్టించింది మాత్రం కాదు. దీని వెనక ఒక రసాయనం పేరుంది: అజ్మలీన్. ఆ పేరెలా వచ్చిందో కనుక్కుంటే పూరణ సగం అయిపోయినట్టే. కనుక్కోకుండా పూరించినా అభ్యంతరం లేదు, అర్థం పొసగాలి అంతే. గణాలు మరిచిపోయినవాళ్ల కోసం: ఒక సూర్యగణం, రెండు ఇంద్రగణాలు, మళ్లీ రెండు సూర్యగణాలు. నాలుగో గణం మొదటి అక్షరానికి యతి. ఇచ్చిన పాదంలో "వే"కి "వె" కుదిరింది.

నిద్రమత్తు:
అందరికంటే ముందు నాదే!

రాత్రి చదివిన కథలన్ని రంగుమారి
కలసి కలలోన నన్నెంతొ కలఁచి వేసె
చెప్ప నోరాడదాయెను చిత్రమౌర
వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

నిర్వాహకుడు:
నడక హాయిగా ఉంది, యతులన్నీ సరిపోయాయి. "నోరాడదాయెను" నాకు బాగా నచ్చింది. కానీ "కలలో జరిగింది" అంటే ఏ సమస్యకైనా తాళం తెరుచుకుంటుంది. ఏనుగు ఎలుకను కన్నా, ఎలుక ఏనుగును కన్నా ఇదే పద్యం సరిపోతుంది. పాత అవధానాల్లో ఈ ఉపాయం బోలెడంత నడిచింది, అందుకే ఇప్పుడు మార్కులు తక్కువ.

రసాయన పంతులు:
అజ్మలీన్ సర్పగంధ వేరులో దొరికే ఆల్కలాయిడ్, అంటే మొక్కల్లో ఉండే ఒక తరహా రసాయనం. కొందరు పాతాళగంధి అంటారు. శాస్త్రీయనామం రావుల్ఫియా సర్పెంటీనా. ఇందులో మొదటి ముక్క 16వ శతాబ్దపు జర్మన్ వైద్యుడు లియోన్‌హార్ట్ రావుల్ఫ్ పేరు. ఆ ఇంటిపేరు చివరన ఉన్న వోల్ఫ్ అంటే జర్మన్ భాషలో అచ్చంగా తోడేలే. రెండో ముక్క పాము. ఇక వెజ్జు హకీం అజ్మల్ ఖాన్. నా పూరణ:

రావువోల్ఫను పేరున రాజిలంగ
సర్పగంధమ్ము, దానిలో సారమగుచు
అజ్మలుని పేర వెలయంగ నజ్మలీను
వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

లఘువుగురువు:
పంతులుగారూ, విషయం పట్టేశారు, అభినందనలు. రెండు మాటలు. పద్యం నడుమ అచ్చుతో పాదం ఎత్తుకోకూడదు. "అగుచు" ద్రుతాంతం, అంటే చివర "న్" దాగి ఉన్న మాట, కాబట్టి మూడో పాదం "నజ్మలుని పేర" అని మొదలవ్వాలి. గణాలేమీ మారవు, యతికీ ఇబ్బంది లేదు. రెండోది, "రావువోల్ఫను" అని చదవగానే ఎవరో రావుగారు అనుకున్నాను!

రసాయన పంతులు:
మొదటిది ఒప్పుకుంటున్నాను, "నజ్మలుని" అని దిద్దుకోండి. రెండోదానికి నా దగ్గర జవాబుంది. రావుల్ఫ్ అని మామూలుగా రాస్తే తోడేలు వినిపించదు, అందుకే సాగదీశాను. విదేశీ పేర్లకు ఆ మాత్రం వెసులుబాటు ఇవ్వాలండీ.

వ్యుత్పత్తి పిచ్చి:
ఇంకోలా విడదీయొచ్చేమో చూడండి. అజుడు అంటే బ్రహ్మ. లీనం అంటే కలిసిపోయినది. బ్రహ్మలో లీనమైనది కనుక అజ్మలీన్. సర్పగంధ మనసును శాంతపరుస్తుందని కూడా అంటారు కదా!

నిర్వాహకుడు:
చాలా అందంగా ఉంది, పూర్తిగా తప్పు. మధ్యలో "మ" ఎక్కడికి పోయింది? ఇలా విడదీసుకుంటూ పోతే క్వినీన్‌లో కూడా ఎవరో ఒక దేవుడు దొరుకుతాడు. చివరి "ఈన్" లీనంలోది కాదు. మార్ఫీన్, క్వినీన్, నికోటీన్ అన్నిటికీ ఉన్న తోకే ఇది, ఆల్కలాయిడ్ అని తెలియడానికి తగిలిస్తారు. అది తీసేస్తే మిగిలేది అజ్మల్. అరబ్బీ మాట, అందంలో మిన్న అయినవాడని అర్థం. పేరుకు అర్థం అడిగితే చెప్పాల్సింది అదే.

చరిత్ర కొంచెం చెప్తాను, ఎందుకంటే ఈ పేరు పెట్టడంలోనే కథ ఉంది. హకీం అజ్మల్ ఖాన్ ఢిల్లీ యునానీ వైద్యుడు. 1921లో అహ్మదాబాద్ కాంగ్రెస్ మహాసభకు అధ్యక్షుడు. జామియా మిలియా స్థాపకుల్లో ఒకడు. ఆయన పెట్టిన తిబ్బియా కాలేజీని 1921లో గాంధీగారు ప్రారంభించారు. పాత మందులను కొత్త రసాయనశాస్త్రంతో పరీక్షించాలని ఆయన పట్టుదల. ఆ పనికి దొరికినవాడు సలీముజ్జమాన్ సిద్దీఖీ. 1927లో ఫ్రాంక్‌ఫర్ట్‌లో డాక్టరేటు ముగించుకుని వచ్చి, తిబ్బియా కాలేజీలో పరిశోధనశాల నిలబెట్టాడు. అదే ఏడాది డిసెంబరులో హకీం పోయారు. 1931లో సిద్దీఖీ, రఫత్ హుసేన్ సిద్దీఖీతో కలిసి సర్పగంధ వేరు నుంచి ఐదు ఆల్కలాయిడ్లు వేరుచేశాడు. రెండు గుంపులుగా వచ్చాయవి. తెల్లగా ఉన్నవాటికి అజ్మలీన్, అజ్మలినీన్, అజ్మలిసీన్ అని పేర్లు పెట్టాడు. పసుపుపచ్చ వాటికి సర్పెంటీన్, సర్పెంటినీన్ అన్నాడు. తెలుపంతా హకీముకి, పసుపంతా పాముకి. తను వెలికితీసిన వాటిలో ఒక్కదానికీ తన పేరు పెట్టుకోలేదు, చూశారా.

అడవిబాట:
నాకు కెమిస్ట్రీ రాదు. "కనియె" అంటే చూసింది అని కూడా అర్థం ఉంది కదా, ఆ దారిలో వెళ్లాను.

వాన మట్టిని కడుగంగ బైటఁ బడుచు
దారిఁ బోయెడి వారికై తలను జాఁచి
సంజ వేళకు ముందుగా సాగిపోవు
వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

నిర్వాహకుడు:
శభాష్! సమస్య ఇస్తున్నప్పుడు ఈ శ్లేష నాకే తట్టలేదు. వానకు మట్టి కొట్టుకుపోయి వేరు తల బయటపెట్టింది, దారిన తోడేలు పోయింది, పాము పోయింది, చివరికి తవ్వుకెళ్లేవాడూ వచ్చాడు. ఆ వెజ్జును చూసినప్పుడు వేరుకు ఎంత టెన్షనో! ఒక్క చిక్కుంది. "సాగిపోవు" పక్కనే "వేరు" రావడంతో వేరే లేచి నడిచిపోతున్నట్టు అన్వయం కుదురుతోంది. "సాగి రాగ" అంటే చాలు. గణం అదే, యతి అదే.

అడవిబాట:
నడిచే వేరు! దిద్దుకున్నానండీ.

కొత్తకలం:
నమస్కారం. ఇదే నా మొదటి పద్యం. తప్పులుంటే చెప్పండి, తిట్టకండి.

వేరులో దాగి ఉన్నది వింత మందు
గుండె లయ తప్పితే పట్టు గొప్ప మందు
హకీము పేరు పెట్టిరి అజ్మలీను
వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

లఘువుగురువు:
తిట్టడానికేం లేదమ్మా, మొదటి రెండు పాదాలు చెవికి ఇంపుగా ఉన్నాయి. "దాగి ఉన్నది" బదులు "దాగియున్నది" అను. అసలు ఇబ్బంది మూడో పాదంలో ఉంది. "హకీము" లఘువు, గురువు, లఘువు. అది జగణం, తేటగీతి ఎత్తుగడలో దానికి చోటు లేదు. ముందు ఒక గురువు పెట్టి చూడు: "ఆ హ" ఒక సూర్యగణం, "కీమును" ఒక ఇంద్రగణం. అప్పుడు అదే మాట బుద్ధిగా ఇమిడిపోతుంది.

రసాయన పంతులు:
రెండో పాదంలో విషయం సరిగ్గానే ఉంది. అజ్మలీన్ గుండె కణాల్లో సోడియం దారులను అడ్డుకుంటుంది, లయ తప్పినప్పుడు వాడిన మందే. ఇప్పుడు దానికి ఎక్కువ పేరు తెచ్చింది మాత్రం ఇంకో పని. బ్రుగాడా సిండ్రోమ్ అని గుండె లయను దెబ్బతీసే జబ్బు ఒకటుంది, అది ఉన్నవాళ్లలో కొందరికి ఈసీజీ మామూలుగా కనిపిస్తుంది. ఆసుపత్రిలో నిఘా మధ్య అజ్మలీన్‌ను సూదితో ఎక్కిస్తే దాగిన లోపం ఈసీజీలో బయటపడుతుంది. దాగినదాన్ని బయటపెట్టే మందు ఇది. నీ పద్యంలో "దాగి" అన్న మాట అనుకోకుండా భలే పడింది.

పాతపుస్తకం:
నాకొక సందేహం. ఈ వేరులో అందరికీ తెలిసింది రిసర్పీన్ కదా. రక్తపోటుకు సర్పగంధ పనికొస్తుందని 1931లోనే సేన్, బోస్ రాశారు. 1949లో రుస్తుం జాల్ వకీల్ వ్యాసంతో ప్రపంచానికి తెలిసింది. 1952లో రిసర్పీన్‌ను వేరుచేశారు. దాన్ని వదిలి ఎవరూ వినని అజ్మలీన్ ఎందుకు?

నిర్వాహకుడు:
రిసర్పీన్ పేరు మొక్క శాస్త్రీయనామాన్ని కత్తిరించి అతికించింది. తోడేలు, పాము ఉన్నాయి, మనిషి లేడు. వెజ్జు లేకపోతే నా సమస్య కుంటుపడుతుంది. ఇంకో తమాషా చెప్తాను. అజ్మలిసీన్‌కే రౌబసీన్ అని మరో పేరుంది. ఒకే పదార్థం, ఒక పేరులో హకీము, ఇంకో పేరులో తోడేలు తల. అది బిళ్ళగన్నేరులోనూ ఉంటుంది. సర్పగంధ మొహం చూడని మొక్కలో కూడా హకీంగారు ఉన్నారన్నమాట!

తెల్లకాగితం:
ఆలస్యమైంది, క్షమించాలి.

హిందుదేశముఁ జూడని హితుని పేర
పాము కాటుకు మందన్న పలుకుఁ బట్టి
దారి చూపిన యజ్మలు తలఁపు గాఁగ
వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

నిర్వాహకుడు:
నా లెక్కలో ఇప్పటిదాకా వచ్చిన వాటిలో ఇదే మేలు. క్రమాలంకారం. మొదటి పాదం తోడేలుకు, రెండోది పాముకు, మూడోది వెజ్జుకు. పాదానికొక జవాబు. రావుల్ఫ్ 1573లో బయల్దేరి అలెప్పో, బాగ్దాద్ దాకా వచ్చాడు. అలెప్పోలో జనం కాఫీ తాగడం చూసి 1582లో అచ్చైన తన పుస్తకంలో రాశాడు. ఇండియాకు మాత్రం రాలేదు, సర్పగంధను చూడలేదు. ఈ సంగతిని ఒక్క పాదంలో ఇరికించారు. రెండో పాదంలో జాగ్రత్త ఇంకా నచ్చింది. పాము కాటుకు మందు అని మీరు అనలేదు, అలా ఒక పలుకుందని మాత్రమే అన్నారు. నిజంగా పాము కరిస్తే ఈ వేరు కాదు, ఆసుపత్రిలో ఇచ్చే విరుగుడు సూదే దిక్కు.

లఘువుగురువు:
"హితుని" మాత్రం యతి కోసం పిలిచిన చుట్టంలా ఉంది. ఎవరికి హితుడు?

తెల్లకాగితం:
దొరికిపోయాను. "మనదు దేశముఁ జూడని మనిషి పేర" అంటే?

లఘువుగురువు:
అదీ మాట! "మ"కి "మ", చుట్టం వెళ్లిపోయాడు.

పాతపుస్తకం:
పాము గురించి ఒక చేర్పు. మొక్కలకు శాస్త్రీయనామాలు పెట్టే పద్ధతి తెచ్చిన లినేయస్ ఈ మొక్కకు మొదట పెట్టిన పేరు ఓఫియాక్సైలాన్ సర్పెంటీనమ్. గ్రీకులో ఓఫిస్ పాము, క్సైలాన్ కట్టె. అంటే పాముకట్టె, ఆపైన పామువంటిది. రెండు పాములు! తరవాత రావుల్ఫియాలోకి మార్చినప్పుడు ఒక పాము పోయి ఆ చోట తోడేలు చేరింది.

నిర్వాహకుడు:
ఈ సంగతి ముందే తెలిస్తే సమస్యను "పాము పోయి తోడేలొచ్చె" అని ఇచ్చేవాణ్ని. సరే, ఆనవాయితీ ప్రకారం నా పూరణ కూడా పెడుతున్నాను. తెలుపు, పసుపు గుంపుల సంగతి వదలబుద్ధి కాలేదు.

పసుపు పలుకుల సర్పమ్ము, పాలవన్నె
రవల యందు హకీముండ, రాని యతిథి
పేరు బైటనె నిలిచెను బెట్టెపైన
వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

తెల్లకాగితం:
"రాని యతిథి" చాలా బాగుంది. కానీ పాపం రావుల్ఫ్‌ను ఎత్తిపొడిచినట్టుంది. ఆయన 1596లో చనిపోయాడు. ప్లూమియే అనే ఫ్రెంచి వృక్షశాస్త్రవేత్త ఆ పేరును ఒక మొక్కజాతికి పెట్టింది 1703లో. పిలిచిందెవరో, వెళ్లిందెవరో ఆయనకు తెలియనే తెలియదు.

నిర్వాహకుడు:
ఎత్తిపొడుపు ఉద్దేశం లేదు గానీ, చదివితే అలాగే ఉంది, ఒప్పుకుంటాను. హకీంగారికీ తన పేరున మందు వచ్చిందని తెలియదు కదా. ఆ పోలికను పద్యంలో పట్టుకోలేకపోయాను. నాలుగు పాదాల్లో నాకు అంతే చోటు దొరికింది.

కొత్తకలం:
దిద్దుకుని తెచ్చాను. "మందు" రెండుసార్లు వచ్చిందని నాకే అనిపించి అదీ మార్చాను.

వేరులో దాగియున్నది వింత మందు
గుండె లయ తప్పితే పట్టు గొప్పదగుచు
నా హకీమును దలపించు నజ్మలీను
వేరు తోడేలుఁ బామును వెజ్జుఁ గనియె

లఘువుగురువు:
ఎక్కడా కుంటలేదు. "అగుచు" తరవాత "ఆ"ను "నా" చేయడం కూడా పట్టేశావు. పంతులుగారు చూసి నేర్చుకోవాలి!

రసాయన పంతులు:
చూస్తూనే ఉన్నానండీ. అన్నట్టు, "నా హకీము" అని విడిగా చదివితే మా హకీంగారు అన్నట్టుంది.

కొత్తకలం:
అలా చదివినా నాకేం అభ్యంతరం లేదండీ.