లైవ్ టీవీ సిడ్నీ లుమెట్‌ని తీర్చిదిద్దిందా, గదిలో బంధించిందా?

చర్చ మొదలుపెట్టినవారు:
“12 యాంగ్రీ మెన్” (1957) మళ్లీ చూశాను, ఒక హత్య కేసులో పన్నెండుమంది జ్యూరీ సభ్యులు ఒకే గదిలో వాదించుకునే సినిమా. దాని దర్శకుడు, అమెరికన్ అయిన లుమెట్, 1950లో న్యూయార్క్‌లో సీబీఎస్ అనే టీవీ సంస్థలో చేరి, కొన్నేళ్లు లైవ్ నాటకాలు తీసి, ఆ తర్వాత సినిమాల్లోకి వచ్చాడు. ఆ అలవాటు ఆయన్ని చివరిదాకా వదల్లేదని నా అభిప్రాయం. ఎప్పుడూ నాలుగు గోడలు, ముఖాలు, మాటలు. పైగా ఈ కథ రెజినాల్డ్ రోజ్ టీవీకి రాసింది, 1954లోనే ఫ్రాంక్లిన్ షాఫ్నర్ అనే దర్శకుడు టీవీలో లైవ్‌గా తీసేశాడు. విమర్శకుడు ఆండ్రూ సారిస్ లుమెట్‌ని పెద్ద దర్శకుల వరసలో కూర్చోబెట్టకపోవడంలో అన్యాయమేమీ కనిపించదు నాకు.

మొదటి జవాబు:
షాఫ్నర్ సంగతి నిజమే. మిగతాది మాత్రం ఒప్పుకోలేనండీ. ఆ గోడలు కథలో ఉన్నవి. వాటితో లుమెట్ ఏం చేశాడో చూడండి. మొదట్లో కెమెరా కంటి ఎత్తుకి పైన ఉంటుంది, గది విశాలంగా కనబడుతుంది. మధ్యలో కంటి ఎత్తుకి వస్తుంది. చివరికొచ్చేసరికి ఇంకా కిందికి దిగి, పైకప్పు కూడా ఫ్రేములోకి వచ్చేస్తుంది. లెన్సులు కూడా మార్చుకుంటూ పోయాడు, దాంతో వెనక గోడ మనుషుల వీపులకి అతుక్కుపోయినట్టు ఉంటుంది. మాటలు మాత్రమే తెలిసిన దర్శకుడు చేసే పనేనా ఇది?

ఇది లైవ్‌లో వచ్చిన విద్య. అక్కడ దర్శకుడు కంట్రోల్ రూమ్‌లో మానిటర్ల ముందు కూర్చుంటాడు. ఒక కెమెరా ప్రసారంలో ఉండగానే రెండోదాన్ని తర్వాతి షాట్‌కి జరిపించాలి, లెన్సు మార్పించాలి, అనుకున్న మాట దగ్గర కట్ చెప్పాలి. తీసింది తీసినట్టే ఇళ్లకి వెళ్లిపోతుంది కాబట్టి ఎడిటింగ్ అంతా రిహార్సల్‌లోనే తేలిపోవాలి. అందుకే ఈ సినిమాని సుమారు 3,40,000 డాలర్లతో, మూడు వారాల్లో ముగించగలిగాడు. లైటింగ్ ఖర్చు కలిసిరావాలని గదిలో ఒక వైపు చూసే షాట్లన్నీ ఒకేసారి తీశారు. నటులు హెన్రీ ఫోండా, లీ జె. కాబ్ వాదులాడుకునే చోట ఒకరి ముఖం తీసిన కొన్ని రోజులకి గానీ రెండో ముఖం తీయలేదు. తెర మీద అతుకు ఎక్కడైనా కనబడిందా మీకు?

రెండో జవాబు:
ఒక్క మాట. దర్శకుడు జాన్ ఫ్రాంకెన్‌హైమర్ అదే సీబీఎస్‌లో లుమెట్ దగ్గరే అసిస్టెంట్‌గా చేశాడు. ఆయన తీసిన “ది మంచూరియన్ క్యాండిడేట్” (1962) చూసి ఎవరైనా గదిలో బందీ అయిన దర్శకుడంటారా?

చర్చ మొదలుపెట్టినవారు:
కెమెరా సంగతి సరే. ఆ క్రమశిక్షణ నాటకాల నుంచి వచ్చి ఉండొచ్చు కదా? టీవీకి అంత ఘనత ఎందుకు?

మొదటి జవాబు ఇచ్చినవారు:
నాటకాల పాత్ర ఎవరు కాదన్నారు? తండ్రి బరూక్ లుమెట్ యిడ్డిష్ (యూదుల భాష) రంగస్థల నటుడు. సిడ్నీ చిన్నప్పుడే ఆ వేదిక ఎక్కాడు, 1935లో న్యూయార్క్ నాటకశాలల కేంద్రం బ్రాడ్‌వేలో కూడా నటించాడు. యుద్ధకాలంలో మన దేశంలోనూ బర్మాలోనూ రాడార్ పని చేసి వెళ్లాక, “డేంజర్” అనే సీబీఎస్ సీరీస్‌కి దర్శకుడు యుల్ బ్రిన్నర్ దగ్గర అసిస్టెంట్‌గా చేరి, తర్వాత ఆ దర్శకత్వ బాధ్యత తనే తీసుకున్నాడు. నటుడికి ఏం కావాలో తెలిసినవాడు కాబట్టే సినిమాకి కూడా రెండు వారాలు రిహార్సల్ పెట్టాడు.

అయితే టీవీ పనిని సినిమాకి శిక్షణగా మాత్రమే చూడటం నాకు మింగుడుపడదు. 1953లో మొదలైన, లుమెట్ దర్శకత్వం వహించిన “యూ ఆర్ దేర్” తీసుకోండి. చరిత్రలో జరిగినదాన్ని అప్పుడే జరుగుతున్న వార్తలా విలేఖరులు చెప్పే కార్యక్రమం, వాల్టర్ క్రాంకైట్ దానికి వ్యాఖ్యాత. రాసింది అబ్రహం పొలాన్స్కీ, వాల్టర్ బెర్న్‌స్టీన్, ఆర్నాల్డ్ మానాఫ్. ముగ్గురూ బ్లాక్‌లిస్టులో (కమ్యూనిస్టులన్న అనుమానంతో పని ఇవ్వకూడదని పెట్టిన జాబితాలో) ఉన్నవాళ్లే, అందుకే తెర మీద వేరేవాళ్ల పేర్లు పడేవి. కమ్యూనిస్టుల వేట సాగించిన సెనెటర్ మెకార్తీ పేరు చెబితే స్టూడియోలు వణికే రోజుల్లో సోక్రటీస్‌కి పడిన శిక్షనీ, గెలీలియో మీద జరిగిన విచారణనీ ఇంటింటికీ చూపించారు. పట్టుబడితే లుమెట్ ఉద్యోగం కూడా ఊడేది. సినిమాల్లో ఆయన జీవితాంతం పట్టుకున్న విషయం, అంటే అధికారానికి ఎదురు నిలిచే ఒంటరి మనిషి, అక్కడే పూర్తిగా కనబడుతుంది. మానిటర్ ముందు కెమెరా పెట్టి ఫిల్ము మీదికి ఎక్కించిన కినెస్కోపులు కొన్ని మిగిలే ఉన్నాయి. మీరు వాటిలో రెండైనా చూసి రండి, సారిస్ తీర్పు మీద అప్పుడు మాట్లాడుకుందాం.