సర్ఫేసీ నోటీసు వచ్చింది, కోర్టుకెళ్తే వేలం ఆగుతుందా?

ప్రశ్న:
నమస్కారం అండీ. మా ఆయన ఉద్యోగం పోయాక హోమ్ లోన్ ఈఎంఐలు ఆగిపోయాయి. ఇప్పుడు సర్ఫేసీ చట్టం (బాకీ పడితే తాకట్టు ఆస్తిని బ్యాంకు స్వాధీనం చేసుకునే చట్టం) సెక్షన్ 13(2) కింద రిజిస్టర్డ్ పోస్టులో నోటీసు వచ్చింది, ఆగిన వాయిదాలు కాదు, మిగిలిన అప్పంతా 60 రోజుల్లో కట్టేయాలట, లేకపోతే ఇల్లు స్వాధీనం చేసుకుంటారట. ఎగ్గొట్టే ఉద్దేశం మాకు లేదు, ఇంకో ఉద్యోగం కుదిరేలా ఉంది, కాస్త గడువు కావాలంతే. హైకోర్టులో రిట్ వేస్తే స్టే వస్తుందని బంధువులు అంటున్నారు, నిజమేనా? రికవరీ వాళ్లు రాత్రి తొమ్మిదింటికి కూడా ఫోన్ చేస్తున్నారు, ఆ టెన్షన్‌కి అత్తగారి బీపీ పెరిగిపోయింది.

కాగితంపులి:
మేడమ్, ఈ 60 రోజులు ఊరికే పోనివ్వకండి, అసలు పని ఇప్పుడే ఉంది. బ్యాంకుకి రాతపూర్వకంగా జవాబివ్వండి: ఉద్యోగం ఎప్పుడు పోయింది, ఎంత కట్టగలరు, ఎప్పటి నుంచి, లెక్కలో మీకు ఒప్పుకోలేనిది ఏమైనా ఉందా. సెక్షన్ 13(3ఎ) ప్రకారం అది అందిన 15 రోజుల్లో, ఒప్పుకోకపోతే ఎందుకో కారణాలు చెబుతూ వాళ్లు బదులివ్వాలి. 2004లో మార్డియా కెమికల్స్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు వచ్చాకే ఈ నిబంధన చట్టంలో చేరింది. కౌంటర్‌లో ఇస్తే కాపీ మీద తేదీతో స్టాంపు వేయించుకోండి, తర్వాత ఏ కోర్టుకి వెళ్లినా ముందు అడిగేది ఆ కాగితమే. ఆగిన బకాయిలు మొత్తం కట్టగలిగితే ఖాతా మళ్లీ స్టాండర్డ్‌లోకి, అంటే సక్రమమైన ఖాతాల్లోకి వస్తుంది, ఒకటి రెండు ఈఎంఐలు కడితే ఎన్‌పీఏ (మొండి బకాయి) ముద్ర పోదు.

ప్రశ్న అడిగినవారు:
వాళ్లు కాదంటే వెంటనే డీఆర్‌టీకి, అదే అప్పుల వసూలు ట్రిబ్యునల్‌కి, వెళ్లొచ్చా అండీ?

కాగితంపులి:
కాదన్నంత మాత్రాన వెళ్లలేరు. 13(4) కింద స్వాధీనం నోటీసు వచ్చాక, అంటే తలుపుకి అంటించి పేపర్లో కూడా వేస్తారు చూడండి, అప్పటి నుంచి 45 రోజుల్లోపు డీఆర్‌టీలో సెక్షన్ 17 దరఖాస్తు వేయాలి. పేపర్లో పేరు పడింది, పరువు పోయిందని ఇంట్లో కూర్చుంటే ఆ గడువు కాస్తా దాటిపోతుంది, చాలామంది నష్టపోయేది అక్కడే. ఇక హైకోర్టు సంగతి. డీఆర్‌టీ అనే దారి ఉండగా ఇలాంటి రిట్లు తీసుకోకూడదని సుప్రీంకోర్టు 2010లోనే సత్యవతి టాండన్ కేసులో గట్టిగా చెప్పింది. స్టే వచ్చేస్తుందని ఎవరైనా ధీమాగా చెప్తే నమ్మి ఫీజు కట్టకండి.

రేపటివెలుగు:
మేము డీఆర్‌టీ దాకా వెళ్లాం. స్టే ఇచ్చారు గానీ కొంత సొమ్ము ఫలానా తేదీలోగా జమ చేయాలని షరతు పెట్టారు, అది తప్పితే స్టే ఉండదు. కోర్టు గడువిస్తుందేమో గానీ అప్పు మాఫీ చేయదండీ, అందుకని బంగారమో చీటీ డబ్బులో ముందే సర్దుబాటు చూసుకుని వెళ్లండి. వన్ టైమ్ సెటిల్‌మెంట్ (తగ్గించిన మొత్తం కట్టి అప్పు తేల్చుకోవడం) కూడా మన హక్కు కాదు, ఫలానా మొత్తానికి ఒప్పుకోమని కోర్టు బ్యాంకుని ఆదేశించలేదని 2021లో సుప్రీంకోర్టు తేల్చేసింది. ఇంకో మాట, పూర్తి బాకీ కట్టి ఇల్లు విడిపించుకునే హక్కు వేలం ప్రకటన వెలువడేవరకే, వేలం రోజు దాకా ఉంటుందనుకోకండి.

తులసికోట:
ఫోన్ల గురించి ఎవరూ చెప్పలేదు. ఉదయం 8కి ముందు, సాయంత్రం 7 తర్వాత రికవరీ ఏజెంట్లు ఫోన్ చేయకూడదని ఆర్‌బీఐ 2022లో బ్యాంకులకి స్పష్టంగా చెప్పింది. కాల్ లాగ్ స్క్రీన్‌షాట్లు తీసి ముందు బ్యాంకుకి ఫిర్యాదు ఇవ్వండి, 30 రోజుల్లో జవాబు రాకపోతే ఆర్‌బీఐ అంబుడ్స్‌మన్‌కి (బ్యాంకుల మీద ఫిర్యాదులు చూసే అధికారికి) ఆన్‌లైన్‌లో పెట్టొచ్చు, దానికి ఫీజు లేదు. అత్తగారి ఫోన్‌కి చేస్తుంటే ఆ సంగతి విడిగా రాయండి, ఆవిడ లోన్‌లో సంతకం పెట్టకపోతే ఆవిణ్ని అడిగే పనే లేదు.

ప్రశ్న అడిగినవారు:
చాలా థాంక్స్ అండీ. ఈ రాత్రికే జవాబు రాయడం మొదలుపెడతాం. లోన్ స్టేట్‌మెంట్ కూడా తీయించి వడ్డీ లెక్క సరిచూస్తాం.