చరిత్ర చెప్పడానికి కమెడియన్ ఎందుకు?

బెంజి సర్కిల్ బాతాఖానీ:
రాత్రి కూర్చుని 'టైమ్ టీమ్' అనే బ్రిటిష్ పురావస్తు తవ్వకాల టీవీ కార్యక్రమం పాత ఎపిసోడ్లు వరసపెట్టి చూశాను. వ్యాఖ్యాత టోనీ రాబిన్సన్. 1983-89 మధ్య వచ్చిన బీబీసీ కామెడీ 'బ్లాక్ ఆడర్'లో బాల్డ్రిక్ అనే మట్టిబుర్ర నౌకరు వేషం వేసినాయన. 1994 నుంచి దాదాపు ఇరవై ఏళ్లు ఛానల్ 4లో తవ్వకాల గుంటల పక్కన నిలబడి ప్రశ్నలడిగాడు. ఒక్కో చోట తవ్వడానికి మూడే రోజులు గడువు. మన ఉండవల్లి, అమరావతి, కొండపల్లి మీద కూడా ఓ మంచి కమెడియన్‌తో ఇలా తీయాలంటాను. కాదనేవాళ్లున్నారా?

బ్రాడీపేట మాస్టారు:
ఉన్నాను. ముప్పై ఏళ్లు చరిత్ర పాఠం చెప్పి రిటైరయ్యాను. నేను నవ్వించిన రోజు పిల్లలకు జోకు గుర్తుంది, శాతవాహనులు గుర్తులేరు. ఆ 'టైమ్ టీమ్'లోనే మిక్ ఆస్టన్ అనే పురావస్తు ఆచార్యుడు, విషయం పలచబడిపోతోందని 2012లో తప్పుకున్నారు. అదీ చెప్పండి బాబూ.

బెంజి సర్కిల్ బాతాఖానీ:
సగమే చెప్పారు మాస్టారూ. ఆయన వెళ్లింది కమెడియన్ ఉన్నాడని కాదు. అదే కమెడియన్‌తో పద్దెనిమిదేళ్లు పనిచేశారు. కార్యక్రమం తీరు మార్చేసరికి కోపమొచ్చింది.

తాడేపల్లి పక్కసందు:
ఉండవల్లి గుహలు మా ఇంటికి సైకిల్ మీద పది నిమిషాలు. మొన్న మా అక్క కొడుకుని తీసుకెళ్లాను, ఆరేళ్లవాడు. పడుకున్న అనంతపద్మనాభస్వామిని చూసి "ఇంత పెద్ద బొమ్మని లోపలికి ఎలా తెచ్చారు మావయ్యా?" అన్నాడు. చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. తేలేదురా, స్వామిని వదిలేసి చుట్టూ ఉన్న కొండని తొలిచేశారు అని చెబుతుంటే నాకే ఒళ్లు ఝల్లుమంది. ఎన్నిసార్లు వెళ్లానో, ఒక్కసారీ అలా తోచలేదు. ఆ ప్రశ్న ప్రొఫెసర్ గారు అడగరు, ఆయనకు తెలుసు కాబట్టి. యాంకర్ అడగదు, చీర నలుగుతుందేమోనని టెన్షన్. బాల్డ్రిక్ లాంటివాడైతే సిగ్గు లేకుండా అడుగుతాడు.

బ్రాడీపేట మాస్టారు:
ప్రశ్న బాగుంది, ఒప్పుకున్నాను. జవాబు మాత్రం తెలిసిన మీరు చెప్పారు. టీవీలో ఎవరు చెబుతారు? అమరావతి స్తూపం సంగతే చూడండి. "మన శిల్పాలు లండన్ పట్టుకుపోయారు" అంటే చప్పట్లే. 1797లో ఈస్టిండియా కంపెనీ సర్వే అధికారి కాలిన్ మెకంజీ వచ్చేసరికే మన జమీందారు వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడి మనుషులు ఆ రాళ్లను కట్టడాలకు తరలిస్తున్నారు. బ్రిటిష్ మ్యూజియంలోనే కాదు, చెన్నై ఎగ్మూరు మ్యూజియంలోనూ బోలెడు శిల్పాలున్నాయి. ఈ ముక్క మీ కమెడియన్ నోట వస్తుందా?

గుంటూరు కారప్పొడి:
మీరు చెబితే కింద తిట్లు పడతాయి మాస్టారూ. జనానికి ఇష్టమైనవాడు మన యాసలో నవ్విస్తూ చెబితే గింజుకుంటూనైనా వింటారు. నా భయం వేరే. మన చానళ్లు మూడు రోజులు కాదు, మూడు గంటలు కూడా ఇవ్వవు. గుహ ముందు స్కిట్ వేసి ప్యాకప్ చెప్పేస్తారు.

బ్రాడీపేట మాస్టారు:
అదే నేననేదీ. సరే, ఒక షరతు. ఆ కమెడియన్ తప్పు మాట్లాడినప్పుడు పక్కనున్న మనిషి "కాదు" అనాలి. ఎడిటింగ్‌లో ఆ "కాదు" కోయకూడదు. అలాగైతే చూస్తాను.

తాడేపల్లి పక్కసందు:
మాస్టారూ, మావాడు దిగేటప్పుడు ఇంకోటి అడిగాడు. తొలిచిన రాయంతా ఎక్కడ పోశారట?

బ్రాడీపేట మాస్టారు:
ఆదివారం వస్తాను. ఎండెక్కకముందే వాణ్ని గుహల దగ్గరికి తీసుకురండి.